ఒకటి విప్పితే పన్నెండు

"మార్చి నెల వచ్చేసింది. ఈ లెక్క ఇంకా చెప్పలేదా మాస్టారూ?" అన్నాడు ఇన్‌స్పెక్టరు, ఐదో తరగతి బోర్డు మీద 5¼ − 2⅔ అని రాసి.

కాటమరాజు మాస్టారు చేతులు కట్టుకున్నాడు. "వచ్చే వారం మొదలుపెడదామని సార్..."

మార్కాపురం కర్నూలు జిల్లా నుంచి విడిపోయి ఒంగోలు కేంద్రంగా ఏర్పడ్డ కొత్త జిల్లాలో కలిసినప్పటి నుంచి, అక్కడి నుంచి ఎవరొచ్చినా ఇక్కడి మాస్టర్లకు గుండె దడే. అందులోనూ పుల్లలచెరువులో ఒక పోస్టు ఖాళీగా ఉంది. తాగే నీళ్లకు కూడా కటకటలాడే ఆ ఊరికి ఎవరిని తోలాలో రాసుకోవడానికే ఈయన వచ్చాడని అందరికీ తెలుసు.

"సరే, నేనే చెబుతాను. చూడండి పిల్లలూ," అంటూ ఇన్‌స్పెక్టరు రెండు హారాలనూ పన్నెండు చేశాడు. పన్నెండింట మూడులోంచి పన్నెండింట ఎనిమిది పోదు. పక్కనున్న ఐదులోంచి ఒకటి అప్పు తెచ్చాడు. అక్కడిదాకా బాగానే ఉంది. ఆ ఒకటిని మామూలు తీసివేతలో లాగా పది చేసి మూడుకు కలిపాడు. పదమూడులో ఎనిమిది పోతే ఐదు.

"రెండూ, పన్నెండింట ఐదు. ఇంతే కదా," అని చేతికంటిన సుద్ద దులుపుకున్నాడు.

"ఏడు వస్తది సార్." రెండో వరసలో షాహజాదీ పలక పైకెత్తి చూపించింది.

"ఏడెలా వస్తుందమ్మా?"

"ఒకటి తెచ్చుకుంటే పది కాదు సార్, పన్నెండు. మా అమ్మ పలకల షెడ్డులో కట్టలు కడతది. కట్ట ఇప్పితే పన్నెండు పలకలు వస్తాయి గానీ పదెట్ల వస్తాయి? పన్నెండూ మూడూ పదైదు. ఎనిమిది పోతే ఏడు."

కాటమరాజు ఒళ్లు పులకరించింది. తాను చెప్పని లెక్కను ఈ పిల్ల ఇంత చక్కగా విప్పి చెప్పినందుకు భుజం తట్టాలనిపించింది. ఇన్‌స్పెక్టరు ముఖం మాత్రం కందగడ్డలా అయింది. జేబులోంచి పెన్ను తీశాడు.

"మీరు చెప్పండి మాస్టారూ. ఐదా, ఏడా?"

నలభై మంది పిల్లలూ మాస్టారి వైపే చూశారు. ఆయన కళ్లు మాత్రం ఆ పెన్ను మీదే ఉన్నాయి.

"తమరు చేసిందే రైటు సార్," అన్నాడు. అంతటితో ఊరుకున్నా కొంత నయం. "ఏంది షాహజాదీ, పెద్దోళ్లకు ఎదురు చెప్తావా? తుడిచేయ్."

షాహజాదీ పావడా అంచుతో పలక తుడిచేసింది. ఇన్‌స్పెక్టరు పెన్ను జేబులో పెట్టుకుని, టీ తాగి వెళ్లిపోయాడు.

కాటమరాజుకు ఇక తలెత్తబుద్ధి కాలేదు. పదేళ్ల పిల్లకున్న ధైర్యం తనకు లేకపోయిందే అని సిగ్గుతో చితికిపోయాడు. బడి వదిలాక షాహజాదీని ఉండమన్నాడు. తప్పయిందని ఒప్పుకోవాలి.

"అమ్మా, పొద్దున ఆ లెక్క..." అని ఆగిపోయాడు.

షాహజాదీ తలుపు వైపు ఒకసారి చూసి, దగ్గరకొచ్చి గొంతు తగ్గించింది.

"నాకు తెలుసులే సార్, మీకు రాకనే గదా మాకింకా చెప్పలేదు. ఎవురికీ చెప్పను గానీ, రేపు కొంచెం పెందలాడే రాండి, నేను నేర్పిస్తా."