అయిదు తోకల పువ్వు

మంచుకొండ మీద ఒక రాతి పగుల్లో అయిదు తోకల నీలిపువ్వు పూసింది. అలాంటి మొక్క ఇంకొక్కటే ఉంది, అదీ ఎదుటి కొండ మీద. తేనంతా వెనక్కి సాగిన ఆ బోలు తోకల చివర ఉంటుంది కాబట్టి పొడుగు నాలుక సీతాకోక ఒక్కటే తాగగలిగేది. పొట్టి నాలుక తుమ్మెద పక్క రాయి మీద కూర్చుని కుళ్లుకునేది.

"వాడికేనా తేనె? మేం పురుగులం కామా?" అంది ఒకరోజు.

"నీకు కొండంతా పూలే కదన్నా! నాకు వాడొక్కడే. రేపు ఎదుటి కొండ పుప్పొడి తెస్తాడు. అది అంటితేనే నాకు గింజ పడేది," అంది పువ్వు.

"ఓహో, అప్పుడే ఎదురుచూపులా!"

తుమ్మెద ఉక్రోషంతో వెనక నుంచి పోయి, అయిదు తోకలకీ చిల్లులు పెట్టి, తేనంతా పీల్చేసింది.

మర్నాడు సీతాకోక మొహం నిండా పుప్పొడితో వచ్చింది. చిల్లులు చూసి, వాలకుండానే వెళ్లిపోయింది. సాయంత్రానికి రేకులు రాలడం మొదలైంది.

"గింజ లేకుండా పోతున్నా. వచ్చే ఏడు ఇక్కడ పువ్వుండదు. ఈ తేనె ఇక నీకూ దొరకదు కదన్నా?" అంది పువ్వు.

"నేను తాగకపోతే ఏమైంది? వాడూ తాగడుగా!" అని తుమ్మెద ఆ రాయి మీదే హాయిగా కునుకు తీసింది.