మొద్దునిద్ర

పాప ఏడుపు మా ఆయన మెదడుకి ఎక్కదట. ఆ ముక్క డాక్టరు చేతే నాకు చెప్పించాలని, తలనిండా వైర్లతో రాత్రంతా ఆసుపత్రిలో పడుకున్నారు పాపం.

పొద్దున డాక్టరమ్మ తెర మీద గీతలు చూపించింది.

“నిద్రలో రకరకాల చప్పుళ్లు వినిపించాం. వానకి ఈయన మెదడు ఉలకలేదు. వేరే పిల్లల ఏడుపుకీ పలకలేదు.”

“చెప్పానా?” అన్నారు మా ఆయన, నావైపు గర్వంగా చూస్తూ.

“మీ పాప ఏడుపు పెట్టగానే మాత్రం ఠక్కున మెలకువ వచ్చేసింది. సొంత బిడ్డ గొంతు ఇట్టే పట్టేసింది. బంగారంలాంటి మెదడు!”

“మరి లేవలేదేం?” అన్నాను.

“మెలకువ రాగానే కళ్లు గట్టిగా మూసుకున్నారు. ఇదిగో, ఈ గీత అదే.”

వరండాలో అత్తగారి ఒళ్లో ఉన్న పాప కేరుమంది.

నేను కుర్చీలో వెనక్కి వాలి, కళ్లు గట్టిగా మూసుకున్నాను.