కర్ర అడుగున రబ్బరు

"వరసగా నాలుగు నెలలు కొట్టు మూసేస్తే ఖాళీ చేయించొచ్చట తమ్ముడూ. అద్దె చట్టం అలా ఉంది, నన్నేం చేయమంటావు?" అంటూ కొట్టు యజమాని కోర్టు నోటీసు బల్ల మీద పెట్టాడు.

గొడుగులు బాగుచేసే ఆయన గాలికి తిరగబడ్డ గొడుగులా అయిపోయాడు.

"మూసింది నీకోసమే కదన్నయ్యా! తుంటి విరిగి మంచాన పడితే, 'కొట్టెక్కడికి పోతుంది, నా దగ్గరే ఉండరా' అన్నది నువ్వే. పసిపిల్లాడిలా వీపున మోశాను."

"కాదన్నానా? నీ రుణం తీరేది కాదు. కానీ ఆ మాట చట్టం చెవికి ఎక్కదే! మొన్ననేగా నాలుగడుగులు వేశాను, అదీ నీ చేతి చలవే. ఇదిగో, నువ్వు చేసిచ్చిన కర్ర. దీని అవసరం కూడా తీరిపోయింది."

గొడుగులాయన అలవాటుకొద్దీ కర్రను తిరగేసి అడుగు చూశాడు. యజమాని మంచాన పడ్డ తొలి వారంలోనే, త్వరగా లేవాలని ఆశపడి, బొటనవేలంత మందాన కొత్త రబ్బరు బిళ్ల వేసి చేసిచ్చిన కర్ర అది. ఇప్పుడు బిళ్ల ఆనవాలు లేదు. కింద చెక్క కూడా ఏటవాలుగా అరిగిపోయి ఉంది.

"రోజూ నేను ఇంటికెళ్లాక, ఈ కర్ర పట్టుకుని ఎవరు తిరిగేవారన్నయ్యా?" అన్నాడు నెమ్మదిగా.

యజమాని గిరుక్కున తిరిగి మెట్లు దిగిపోయాడు, రెండేసి చొప్పున.