బ్రిడ్జికి ముందు

పన్నెండు గంటలు డెట్రాయిట్ ఫ్యాక్టరీలో నిలబడి బయటికొస్తే, తెలుగు సంఘం మీటింగ్ నుంచి చక్రపాణి అంకుల్‌ని శివారులో ఉన్న నోవైలో దింపే పని నా నెత్తిన పడింది. కారెక్కగానే ప్రపంచ రాజకీయాలు మొదలుపెట్టారు.

"రెండు పెద్ద దేశాల మధ్య ఉన్న చిన్న దేశం ఎవరో ఒకరి కాళ్లు పట్టుకుని పడుండాలోయ్. భద్రత, హక్కులు అని అరుపులెందుకు?"

"అక్కడున్నదీ మనుషులే కదా అంకుల్."

"నీకు తెలీదు. నువ్వు డ్రైవ్ చెయ్యి."

ఒళ్లు మండింది. డ్రైవ్ చేశాను.

కెనడా వెళ్లే బ్రిడ్జి బోర్డు కనిపించగానే ఆయన నిటారుగా కూర్చున్నారు.

"రాంగ్ లేన్‌రా. పాస్‌పోర్ట్ ఇంట్లో ఉంది. వీసా స్టాంపింగ్ ఎక్స్‌పైర్ అయి ఏడాదైంది. దాటితే మళ్లీ అమెరికాలోకి రానివ్వరు."

"ఎవరో ఒకరి కాళ్లు పట్టుకుందాం అంకుల్."

"అటూ ఇటూ కాకుండా చిక్కుకుపోయేవాడి బాధ నీకు జోకులా ఉందా?"

"లేదంకుల్" అని కారు కుడివైపు తిప్పాను.

బ్రిడ్జికి ముందు ఇంకొక్క ఎగ్జిట్ ఉందని నాకు మొదట్నుంచీ తెలుసు. రెండేళ్లుగా రోజూ పనికి నేను హైవే దిగేది అక్కడే.