తొమ్మిదో స్థానం

“నూట పద్దెనిమిది, అక్కా. ఆ సెగావా గదిలో అడుగు పెట్టాడో లేదో ముసలాయన నాడి ఇట్టా పరిగెత్తుద్ది,” అంది జెరుషా, చార్టులో అంకె వేస్తూ.

మేరీకుమారి టీ కప్పు కింద పెట్టింది. ఇద్దరిదీ చీరాల వైపే. డ్యూసెల్‌డార్ఫ్‌లోని ఈ వృద్ధాశ్రమంలో మేరీకుమారి పదేళ్లుగా నర్సు. జెరుషా వచ్చి ఏడాదే అయింది.

“కంప్లయింట్ రాశావా?”

“రాశా. నాలుగింటికి మేనేజర్‌తో అపాయింట్‌మెంట్. ఆవిడ సంతకం పెడితే హౌస్‌ఫెర్బోట్. ఇంక అతన్ని గుమ్మం తొక్కనివ్వరు.”

“బాగా ఆలోచించుకున్నావా అమ్మాయ్? ఆయన్ని చూడ్డానికి వచ్చేది ఆ ఒక్కడేగా.”

“చూడ్డానికి కాదక్కా, పీక్కు తినడానికి వస్తన్నాడు. ఈ గుండె ఇంకో దెబ్బకి తట్టుకోదని డాక్టర్ చెప్పాడా లేదా?”

మేరీకుమారి గడియారం వైపు చూసింది. మూడున్నర అయింది. 

ఏడో నంబరు గదిలోని తొకునాగకు డెబ్బై తొమ్మిదేళ్లు. పదిహేడో ఏట జపాన్‌లో మాంగా అనే బొమ్మల కథలు గీసే ఒక పేరున్న చిత్రకారుడి దగ్గర చేరి, ఆయన గీసిన మనుషుల జుట్టుకు నల్లసిరా నింపడంతో బతుకు మొదలుపెట్టాడు. తర్వాత సొంతంగా ఒక కథ ఎత్తుకున్నాడు. ఊరూరా తిరిగి గొడుగులు బాగుచేసే ఒక ఆడమనిషి కథ. ఒకే మాసపత్రిక కోసం ముప్పై నాలుగేళ్లుగా అదే గీస్తున్నాడు. జర్మన్ భార్య వెంట ఈ ఊరు వచ్చాడు. ఆమె పోయింది, పిల్లల్లేరు. ఆయనకు మిగిలింది ఆ గొడుగులావిడే.

ఆ పత్రిక తరఫున నెలనెలా వచ్చేవాడు సెగావా. బొమ్మలు పట్టుకెళ్తాడు, అచ్చయినవి తెచ్చిస్తాడు. అదైనా పత్రిక మొత్తం తేడు, ఈయన కథ ఉన్న ఇరవై పేజీలు కుట్టి తెస్తాడు. పత్రిక బరువు, ముసలి చేతులు మోయలేవని వంక. అంత పిసినారితనం జెరుషా ఎక్కడా చూడలేదు.

అసలు చిత్రహింస అది కాదు. ఏ కథ నచ్చిందో పాఠకులు కార్డుల మీద రాసి పంపుతారట. దాన్నిబట్టి ప్రతి కథకూ ఒక స్థానం. పదికి దిగితే కథ ఆపేస్తారు, గీసినవాడు ఎంతటివాడైనా సరే. జెరుషా వచ్చినప్పటి నుంచీ ఎనిమిది, తొమ్మిది, మళ్లీ ఎనిమిది. సెగావా ఆయన ప్రాణం తీయడు, ఊపిరీ పీల్చుకోనివ్వడు. ఫిబ్రవరిలో ఫ్లూ వల్ల బయటివాళ్లను రానివ్వకపోతే తొకునాగ మూడు వారాలు సరిగ్గా ముద్ద ముట్టలేదు, గోడకేసి తిరిగి పడుకున్నాడు. గడువు దాటిపోతోందన్న బెంగ మనిషిని ఎలా తినేస్తుందో జెరుషా అప్పుడు కళ్లారా చూసింది.

ఆమె మళ్లీ గదిలోకి వెళ్లేసరికి సెగావా కోటు విప్పకుండా మంచం పక్కన నిలబడి ఉన్నాడు. అతని ఒంటి మీద నుంచి వేపుడు నూనె వాసన గుప్పుమంది. సుష్టుగా భోంచేసి వచ్చాడన్నమాట. తొకునాగ ఒళ్లోని పేజీ మీద ఆ మూల నుంచి ఈ మూలకు ఎర్ర పెన్సిల్ గీత ఉంది.

“ఏమంటున్నాడు?” జెరుషా తొకునాగను జర్మన్‌లో అడిగింది.

“ఈ నెల తొమ్మిదో స్థానమట. ఈ పేజీలో వాన సరిగ్గా పడటం లేదట, మళ్లీ గీయమంటున్నాడు.” తొకునాగ కళ్లు చిట్లించి పేజీని చూశాడు. “నిజమే. బద్ధకపు వాన.”

“రేపు గీద్దురుగాని. చెయ్యి వణుకుతోంది.”

“రేపు అచ్చుకు పోవాలి, సిస్టర్.”

“ఐదింటిదాకా ఉంటాను,” అన్నాడు సెగావా జర్మన్‌లోనే, చేతి గడియారం చూసుకుంటూ.

తొకునాగ కొత్త కాగితం అందుకున్నాడు. నుదురంతా చెమట. జెరుషా ఆయన మణికట్టు పట్టుకుని చూసింది, నూట ఇరవై నాలుగు. ఇక ఆగలేకపోయింది. సెగావా కోటు చెయ్యి పట్టుకుని వసారాలోకి లాక్కొచ్చినంత పని చేసింది.

“ఇది చదవండి.”

సెగావా ఆమె చాపిన కంప్లయింట్ కాగితం తీసుకుని మొదటి నుంచి చివరిదాకా నిదానంగా చదివాడు. మొహంలో ఏ మార్పూ లేదు.

“మీరు రాసిందంతా నిజమే,” అన్నాడు.

“ఇలాగే సాగితే ఆయన కలం పట్టుకునే పోతాడని తెలుసా?”

“తెలుసు.”

 జెరుషాకు తిట్టాలని నోటిదాకా వచ్చింది. కానీ లోపలున్న ముసలాయన గుర్తొచ్చి తనే ఒక మెట్టు దిగింది.

“ఒక్క నెల సెలవు ఇప్పించండి చాలు. ముప్పై నాలుగేళ్లు గీసిన మనిషికి మీ పత్రికవాళ్లు ఒక్క నెల ఇవ్వలేరా? అడుగుతానని మాటివ్వండి, ఈ కాగితం ఇక్కడే చింపేస్తాను.”

 వసారా చివర ఆఫీసు తలుపు తెరుచుకుంది. మేనేజర్ కళ్లజోడు సవరించుకుంటూ ఇటే వస్తోంది.

“అదిగో, ఆవిడ వచ్చేస్తోంది. అడుగుతారా, లేదా?”

గదిలోంచి కాగితం మీద కలం గీరుతున్న చప్పుడు ఆగకుండా వినిపిస్తోంది. సెగావా ఒక క్షణం అది విన్నాడు. తర్వాత తలుపు దగ్గరగా వేసి, లోపలికి వినబడకుండా గొంతు తగ్గించాడు.

“ఆ పత్రిక మూతపడి రెండేళ్లయింది, సిస్టర్. ఆయన కలం ఆగకూడదని ఆ ఇరవై పేజీలూ నేనే అచ్చు వేయించి తెస్తున్నాను.”