రబ్బరు గిట్టలు

"కోటి ఏండ్ల తర్వాత మన దిక్కు గిసొంటి జంతువులుంటయి సార్," అంది రూతు, బోధన్ బడిలో సైన్సు ప్రదర్శనకు చేసిన మట్టిబొమ్మలు చూపిస్తూ. వెనక నిలబడ్డ తండ్రి సీమోను మురిసిపోతున్నాడు.

"అడవిపంది గిట్టలకు సైకిలు ట్యూబు ముక్కలు అంటించావేమ్మా?" అడిగారు సైన్సు మాస్టారు.

"చెరుకు తింటయని చేను సుట్టు తీగ కట్టి కరెంటు పెడుతున్నరు గద సార్. మామూలు గిట్టలవి సస్తయి. రబ్బరు లెక్క దొడ్డు గిట్టలవి కరెంటు తగలక బతికి పిల్లల్ని పెడతయి. పోను పోను అన్నీ గిట్లనే అయితయి."

"కరెంటు పెట్టేదెవరు?"

సీమోను బిడ్డ వైపు చూశాడు.

"ఎవరో సార్. నాకు ఎరుక లేదు," అంది రూతు.

ఆదివారం బడిలో బైబిలు వాక్యాలు అప్పజెప్పే పిల్ల, తండ్రి కోసం అబద్ధమాడింది.

"మరి ఈ కుక్క కాళ్లకు కూడా ట్యూబు ముక్కలెందుకమ్మా? అది చెరుకు తినదుగా?"

"తినది సార్. మా బాపు ఎనకనే చేన్లకు పోతది."

పోయిన నెల తమ ఇంటి కుక్కను చేనులో పాతిపెట్టి వచ్చి, పాము కరిచిందని బిడ్డకు చెప్పింది సీమోనే.

రూతు వెనక్కి చూడలేదు. మట్టికుక్క చెవిని సరిచేస్తోంది.

సీమోను తల దించుకున్నాడు. తీగకు కరెంటు పెట్టేటప్పుడు వేసుకునే రబ్బరు చెప్పులే కాళ్లకున్నాయి.