నిద్ర తీసేసిన కూతురు

మెదడు శాస్త్రవేత్త వకుళ కనిపెట్టిన మాత్ర వచ్చాక దేశంలో ఎవరికీ నిద్రతో పనిలేకుండా పోయింది. పెద్ద అవార్డు అందుకుని ఆమె బెజవాడలోని పుట్టింటికి వచ్చేసరికి తల్లి సుభద్రమ్మ మళ్ళీ పొయ్యి వెలిగిస్తోంది. హాల్లోంచి నాన్న టీ అడిగాడు. అన్నయ్య ఇంకో దోసె అన్నాడు. తల్లి కాలు ఒకచోట నిలవడం లేదు.

“కాసేపు కూర్చో అమ్మా. రాత్రంతా నీకు మిగిల్చాను కదా!”

“మిగిలిందంతా వీళ్ళ తిండికే సరిపోతోందే,” అంటూ దోసె తిరగేసింది తల్లి.

అవార్డు పెట్టడానికి వకుళకు చోటు దొరకలేదు. వంటింటి గట్టు నిండా ఎంగిలి ప్లేట్లే.

“పడుకున్నప్పుడైనా నన్నెవరూ పిలిచేవాళ్ళు కాదు,” అంది సుభద్రమ్మ, కూతురి వైపు చూడకుండానే. “అదొక్కటే నాకుండేది.”